మెయికో కాజి సినిమాలు: ఎక్కడ మొదలుపెట్టాలి, అసలు ఎందుకు చూడాలి

మీరు మూడు ప్రశ్నలు కలిపేసి అడిగారు. కిల్ బిల్‌లో వినిపించే ఆ జపనీస్ పాటలు పాడినావిడ నటి అని తెలిసింది, ఆవిడ సినిమాలు ఏ వరసలో చూడాలి అని ఒకటి. అవన్నీ బీ గ్రేడ్ జైలు సినిమాలని ఫ్రెండ్ ఒకాయన తేల్చేశాడు, నిజమేనా అని రెండోది. కిల్ బిల్ డైరెక్టర్ టరాంటినో ఆ పాటలు వాడుకోకపోతే అసలు ఆవిడ పేరు ఎవరికైనా తెలిసేదా అని మూడోది. చాలా ఏళ్లుగా పాత జపాన్ సినిమాలు వెతుక్కుని మరీ చూస్తున్నవాణ్ణి కాబట్టి కొంచెం పొడుగ్గానే రాస్తా, ఓపిగ్గా చదవండి.

మూడోదానికి ముందు జవాబు చెప్పేస్తా, ఎందుకంటే ఆ ప్రశ్న ఎక్కడ కనపడ్డా నాకు కాస్త చిరాకే. 2003లో కిల్ బిల్ వచ్చేటప్పటికి జపాన్‌లో మెయికో కాజిని కొత్తగా ఎవరూ కనిపెట్టాల్సిన పని లేదు. 1972-73లో ఆవిడ పోస్టర్ మీద ఉంటే టికెట్లు తెగేవి, ఆవిడ పాడిన పాట రికార్డుగా అమ్ముడై హిట్ అయ్యింది, ఆ తర్వాత 1989 నుంచి 2016 దాకా ఫుజి టీవీలో వచ్చిన ఒనిహెయి హంకాచో అనే సీరియల్‌లో ఒమాసా పాత్రలో ఇంటింటికీ తెలిసిన మనిషి. ఎడో, అంటే పాత రోజుల టోక్యోలో దొంగల్ని పట్టే అధికారి కథ అది, కాబుకీ అనే జపాన్ సంప్రదాయ నాటకాల నటుడు నకమురా కిచియెమోన్ హీరో, ఈవిడ ఒకప్పుడు దొంగల ముఠాలో తిరిగి తర్వాత ఆయనకి ఇన్ఫార్మర్‌గా మారిన మనిషి. అంటే జపాన్‌లో సగటు ప్రేక్షకుడికి, ముఖ్యంగా ఇంట్లో పెద్దవాళ్లకి, ఆవిడంటే టీవీలో కనిపించే ఒమాసా. టరాంటినో చేసింది ఏంటంటే బయట దేశాల్లో మనలాంటి వాళ్లకి దారి చూపించాడు, అంతే. అది చిన్న విషయం కాదు గానీ ఆవిడ కెరీర్ అక్కడ మొదలవ్వలేదు.

ఇక అసలు కథ. 1947 మార్చి 24న టోక్యోలో పుట్టింది, సొంత పేరు మసాకో ఓటా. 1965లో నిక్కత్సు స్టూడియోలో చేరింది. అప్పటి జపాన్ స్టూడియోల పద్ధతి తెలిస్తేనే ఈవిడ ఏం చేసిందో అర్థమవుతుంది. మన విజయా వాళ్లు మొదట్లో ఎన్టీఆర్‌ని నెలజీతం మీద పెట్టుకున్నారు కదా, అక్కడ మొత్తం ఇండస్ట్రీయే ఆ లెక్కన నడిచేది. స్టూడియోకి సొంత థియేటర్లు, వాటిల్లో ఎప్పటికప్పుడు కొత్త సినిమా పడాలి, అదీ రెండేసి సినిమాలు ఒకే టికెట్ మీద, కాబట్టి నటులు, డైరెక్టర్లు, కెమెరామెన్లు అందరూ ఉద్యోగస్తులే. ఇచ్చిన వేషం వెయ్యాలి. పెద్ద కంపెనీలు ఐదూ తమలో తాము ఒప్పందం కూడా చేసుకున్నాయి, ఒకరి నటుణ్ణి ఇంకొకరు లాక్కోకూడదు అని, కాబట్టి గొడవ పడి బయటికి వెళ్దామన్నా తలుపులు మూసేసి ఉండేవి. అలాంటి చోట మసాకో ఓటా నాలుగేళ్లు చిన్నా చితకా పాత్రలు వేసింది. నిక్కత్సులో అప్పటికి సయూరి యోషినాగా పెద్ద స్టార్, స్వచ్ఛమైన పక్కింటి అమ్మాయి ఇమేజ్, స్టూడియోకి ఇంకో అలాంటి అమ్మాయి అవసరం లేదు, ఉన్నా ఈవిడ ముఖం ఆ టైపు కాదు.

1969లో మసహిరో మకినో అనే పెద్దాయన తన సినిమాలో వేషం ఇచ్చి, పేరు కూడా మార్చి మెయికో కాజి అని పెట్టాడు. మకినో అంటే మామూలు మనిషి కాదు, జపాన్ సినిమాకి ఆద్యుల్లో ఒకడైన షోజో మకినో కొడుకు, సైలెంట్ సినిమాల రోజుల నుంచి తీస్తున్నవాడు. ఆ పేరు మార్పు నుంచే ఆవిడ రెండో జన్మ లెక్క.

1970 ఆవిడకి గట్టి ఏడాది. తెరువో ఇషీ డైరెక్ట్ చేసిన బ్లైండ్ వుమన్స్ కర్స్ అదే ఏడాది వచ్చింది. అదో వింత సరుకు, సగం యాకుజా, అంటే జపాన్ మాఫియా సినిమా, సగం దెయ్యం సినిమా, ముఠా సభ్యుల వీపుల మీద ఒకే డ్రాగన్ ముక్కలు ముక్కలుగా పచ్చబొట్టు, రక్తం నాకే నల్లపిల్లి, మధ్యలో బుటో అనే ఆధునిక జపాన్ నాట్యానికి మూలపురుషుడైన తత్సుమి హిజికాతా వచ్చి గూనివాడిగా గంతులేస్తాడు. గుడ్డి ఆడమనిషిగా వేసిన హోకి తొకుదా అప్పట్లో అమెరికన్ రచయిత హెన్రీ మిల్లర్ భార్య. ఇవన్నీ ఒకే సినిమాలో ఎలా పట్టాయి అంటే సరిగ్గా పట్టలేదు, కథ అటూ ఇటూ జారిపోతూనే ఉంటుంది, కానీ మొదటి సీన్‌లో వానలో కత్తి పట్టుకుని నిలబడ్డ ఈవిడని చూస్తే స్టూడియో ఇన్నాళ్లూ ఏం చేసిందా అనిపిస్తుంది.

అదే ఏడాది మే నుంచి స్ట్రే క్యాట్ రాక్ సిరీస్. 1971 జనవరికల్లా ఐదు సినిమాలు అయిపోయాయి, మూడు యసుహరు హసెబె తీశాడు, రెండు తోషియా ఫుజితా తీశాడు, ఈ రెండు పేర్లూ గుర్తు పెట్టుకోండి, మళ్లీ వస్తారు. మొదటి సినిమా నిజానికి అకికో వాడా అనే పొడుగాటి గాయని కోసం కట్టింది, ఆవిడే మెయిన్, కాజి పక్క పాత్ర. కానీ తెర మీద చూపు ఎటు పోతుందో డైరెక్టర్లకి, జనానికి ఇద్దరికీ అర్థమైపోయింది, మూడో సినిమాకొచ్చేసరికి కాజియే హీరోయిన్. మోటార్ బైకులు, షింజుకు వీధులు, రాక్ బ్యాండ్లు, రౌడీ ఆడపిల్లల గ్యాంగులు. పైకి టీనేజ్ కుర్రకారు కోసం తీసిన మసాలా, లోపల మాత్రం అప్పటి జపాన్ గొడవలన్నీ ఉన్నాయి. మూడోదాంట్లో, దాని పేరు సెక్స్ హంటర్, పేరు చూసి తప్పుగా అనుకోకండి, విదేశీ సైనికులకి పుట్టిన మిశ్రమ జాతి కుర్రాళ్లని వెంటాడి కొట్టే ఒక ముఠా కథ. ముఠా నాయకుడిగా తత్సుయా ఫుజి వేశాడు. నాలుగోది మెషిన్ యానిమల్, వియత్నాం యుద్ధం నుంచి పారిపోయి వచ్చిన అమెరికన్ సైనికుణ్ణి దేశం దాటించాలని చూసే కుర్రాళ్ల కథ. అమెరికా స్థావరాలు తమ ఊళ్ల పక్కనే ఉన్న జనానికి ఇవి పేపర్లో రోజూ చదివే వార్తలే.

సెక్స్ హంటర్‌లో కాజి నెత్తి మీద వెడల్పు అంచుల నల్ల టోపీ ఉంటుంది, కళ్ల మీదికి దించుకుని తిరుగుతుంది. రెండేళ్ల తర్వాత ఇంకో స్టూడియోలో అలాంటి టోపీతోనే ఆవిడ దేశమంతా ఫేమస్ అవుతుంది, ఆ సంగతికి వస్తా.

ఇప్పుడు కొంచెం డబ్బు లెక్కలు మాట్లాడుకోవాలి, లేకపోతే ఆవిడ తీసుకున్న నిర్ణయం బరువు తెలీదు. 1958లో జపాన్‌లో ఏడాదికి 112 కోట్ల టికెట్లు అమ్ముడయ్యాయి. 1972కి ఆ సంఖ్య 20 కోట్ల లోపుకి పడిపోయింది. టీవీ తినేసింది. 1971 చివర్లో డయెయి స్టూడియో దివాలా తీసింది, నిక్కత్సు మాత్రం బతకడానికి ఇంకో దారి పట్టి 1971 నవంబర్ నుంచి రోమన్ పోర్నో అనే సాఫ్ట్‌కోర్ సిరీస్ మొదలుపెట్టింది, దాదాపు స్టూడియో మొత్తం వాటికే మళ్లింది. అక్కడున్న తారలు చాలామంది బయటికి నడిచారు, కాజి కూడా ఆ సినిమాలు నేను చెయ్యనని వెళ్లిపోయింది. అప్పుడే కాస్త పేరొచ్చి, లీడ్ వేషాలు పడుతున్న టైమ్‌లో చేతిలో ఉన్న ఉద్యోగం వదులుకోవడం అన్నమాట.

వెళ్లింది తొయెయికి. అక్కడ 1972లో ఒక ఖాళీ ఏర్పడింది. రెడ్ పియోనీ గ్యాంబ్లర్ సిరీస్‌తో కత్తి పట్టిన హీరోయిన్‌గా ఏలిన జుంకో ఫుజి, కాబుకీ నటుణ్ణి పెళ్లి చేసుకుని సినిమాలు మానేసింది. మిగిలిన యాక్షన్ నటీమణుల్లో రెయికో ఇకె, మికి సుగిమొతో లాంటి వాళ్లు ఉన్నారు, వాళ్లని తక్కువ చెయ్యడం నా ఉద్దేశం కాదు, ఇకె చేసిన కొన్ని ఫైట్లు చూస్తే మతి పోతుంది, కానీ ఆ సినిమాల బేరమంతా బట్టలు ఎంత తీస్తారు అన్న దాని మీదే నడిచేది. సరిగ్గా ఆ బేరంలోకే కాజిని కూడా పిలిచారు. తోరు షినోహరా గీసిన మాంగా, అంటే జపాన్ బొమ్మల కథ, ఒకటుంది, జైల్లో పడ్డ ఒక ఆడమనిషి ప్రతీకారం కథ, దాన్ని సినిమాగా తియ్యాలని, అదే ఫీమేల్ ప్రిజనర్ 701 స్కార్పియన్. మాంగాలో ఆ పాత్ర నోరు తెరిస్తే బూతులే, ఒంటి మీద బట్టలు ఉండేది తక్కువ.

ఇక్కడ కాజి చేసిన పని ఉంది చూశారూ, నా దృష్టిలో ఆవిడ కెరీర్ మొత్తానికి అదే కీలకం. ఆ బూతు డైలాగులు నేను చెప్పను, అసలు ఈ మనిషి మాట్లాడకుండా ఉంటేనే బాగుంటుంది అంది. నగ్నత్వం విషయంలోనూ డైరెక్టర్‌తో గట్టిగా వాదించింది. డైరెక్టర్ షున్యా ఇతోకి అది మొదటి సినిమా, ఆయన కూడా తక్కువ మొండి కాదు, తొయెయి యూనియన్ గొడవల్లో ముందుండి నడిచిన మనిషి. ఇద్దరూ కొట్టుకుని కొట్టుకుని తీసిన సినిమాలు ఇవి. కానీ మాటలు తీసెయ్యాలన్న ఆలోచన పట్టాలెక్కగానే మామూలు జైలు మసాలా కావాల్సిన సినిమా ఇంకెక్కడికో వెళ్లిపోయింది.

ఎందుకో ఆలోచించండి. మనకి హీరోయిజం అంటే డైలాగ్. విలన్ నాలుగు మాటలంటాడు, హీరో దానికి మించి ఒక్క మాట విసురుతాడు, థియేటర్లో కాగితాలు ఎగురుతాయి. ఇక్కడ వార్డెన్ అరుస్తాడు, గార్డులు కొడతారు, తోటి ఖైదీలు రెచ్చగొడతారు, ఈవిడ ఏమీ అనదు. కింద నుంచి పైకి చూస్తుంది అంతే. జుట్టు ముఖం మీద పడి ఉంటుంది, ఒక కన్నే కనిపిస్తుంది, రెప్ప వెయ్యదు. కాసేపటికి అవతలి వాళ్లకే కాళ్లలో వణుకు మొదలవుతుంది, ఎందుకంటే అరిస్తే తిరిగి అరవచ్చు, ఏడిస్తే ఎగతాళి చెయ్యచ్చు, ఏ స్పందనా రాని మనిషిని ఏం చేస్తావు. హింసించేవాళ్లకి కావాల్సింది ఆ స్పందనే కదా, అది ఆవిడ ఇవ్వదు.

కథ చెప్పాలంటే మూడు ముక్కల్లో అయిపోతుంది. నామి మత్సుషిమా ఒక డిటెక్టివ్‌ని ప్రేమిస్తుంది, వాడు ఆవిణ్ణి ఎరగా వేసి డ్రగ్స్ ముఠా దగ్గరికి పంపి, ఆవిడ మీద అఘాయిత్యం జరుగుతుంటే దాన్ని అడ్డం పెట్టుకుని ముఠాతో లాలూచీ పడతాడు. ఆవిడ వాణ్ణి నడివీధిలో కత్తితో పొడవబోయి దొరికిపోయి జైలుకి వెళ్తుంది, అక్కడ ఆవిడ పేరు ససోరి, అంటే తేలు. ఇక మిగతాదంతా బయటపడి వాణ్ణి చంపడం. కానీ ఇతో తీసిన తీరు చూడాలి. సినిమా జైలు ఆవరణలో జెండా వందనంతో, జాతీయ గీతంతో మొదలవుతుంది, వార్డెన్‌కి బహుమతి ఇస్తుంటారు, సరిగ్గా అప్పుడే ఖైదీలు పారిపోయారని సైరన్ మోగుతుంది. ఫ్లాష్‌బ్యాక్‌లో తెల్లటి గుడ్డ మీద గుండ్రంగా పాకే రక్తం మరక జపాన్ జెండాలా మారుతుంది. అఘాయిత్యం సీన్‌ని గాజు నేల కింద కెమెరా పెట్టి తీశాడు. సెట్ గోడలు కాబుకీ వేదిక లాగా గిర్రున తిరిగి ఇంకో సీన్‌లోకి వెళ్లిపోతాయి, ఆకాశం ఒక్కసారిగా ఎర్రగా, నీలంగా రంగులు మారిపోతుంది. కమర్షియల్ స్టూడియో డబ్బుతో, వరసగా పడే డబుల్ బిల్లుల మధ్య ఈ పని చేశాడంటే ధైర్యమనే అనాలి. మీ ఫ్రెండ్ బీ గ్రేడ్ అన్నది ఇలాంటి సినిమాని.

రెండోది జైల్‌హౌస్ 41, 1972 డిసెంబర్ చివర్లో వచ్చింది, నాలుగు నెలల తేడా అంతే. నా ఓటు సిరీస్‌లో దీనికే. మొదట్లో ఆవిడ చేతులు కట్టేసి భూగర్భంలో చీకటి కొట్లో పడి ఉంటుంది, నోటితో చెంచా పట్టుకుని నేలకేసి అరగదీస్తూ ఉంటుంది, ఆ గీకుడు చప్పుడే మనకి ముందు వినిపిస్తుంది. తర్వాత మొత్తం ఏడుగురు ఆడవాళ్లు తప్పించుకుంటారు, పాడుబడ్డ ఊళ్లో ఒక ముసలావిడ ఎదురవుతుంది, ఒక్కొక్కరూ ఏ నేరం చేసి జైలుకొచ్చారో పాట రూపంలో, నాటకం ఫక్కీలో మనకి తెలుస్తుంది. దీంట్లో కాజి మాట్లాడిన మాటలు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. ఆవిడ ఎదురుగా ఒబా అనే పాత్రలో కయోకో షిరాయిషి, రంగస్థలం నుంచి వచ్చిన నటి, అరుపులు, వెకిలి నవ్వులు, ముఖం అంతా కదిలిపోయే నటన. ఇటు పూర్తి నిశ్శబ్దం అటు పూర్తి గోల, ఇద్దరూ ఒకే ఫ్రేమ్‌లో ఉంటే నటన క్లాసులో చూపించాల్సిన సినిమా అనిపిస్తుంది నాకు.

మూడోది బీస్ట్ స్టేబుల్, 1973 జూలై. మెట్రో రైల్లో పోలీసు ఆవిడ చేతికీ తన చేతికీ కలిపి బేడీ వేస్తాడు, ఆవిడ వాడి చెయ్యి నరికేసి, ఆ చెయ్యి బేడీకి వేలాడుతుండగానే టోక్యో వీధుల్లో పరిగెడుతుంది, టైటిల్స్ పడతాయి, పాట మొదలవుతుంది. ఇంత గోలగా మొదలై సినిమా తర్వాత మెల్లగా పేదవాడల్లో, మురుగు కాలవల్లో తిరిగే విషాదం అవుతుంది. ఇతో ఇక్కడితో ఆపేశాడు. నాలుగోది మన హసెబె తీశాడు, 1973 డిసెంబర్, పర్లేదు, కానీ ఆ పిచ్చి లేదు. ఆ తర్వాత కాజి కూడా ఇక చాలంది. హిట్ సిరీస్, స్టూడియో ఇంకా తియ్యడానికి రెడీ, అయినా వదిలేసింది. తొయెయి ఊరుకోలేదు, 1976లో, 77లో వేరే నటీమణులతో కొత్తగా మొదలుపెట్టి చూసింది, నిలబడలేదు. పాత్ర డ్రెస్సులో ఉందనుకున్నారు, అది కాజి ముఖంలో ఉంది.

పాట సంగతి. మీరు విన్న రెండిట్లో ఉరామి బుషి ఈ సిరీస్‌దే, సాహిత్యం డైరెక్టర్ ఇతోయే రాశాడు, సంగీతం షున్సుకె కికుచి. మగవాడి తియ్యని మాటలు నమ్మి మోసపోయి, చివరికి పగ ఒక్కటే మిగిలిన ఆడదాని గోడు అది. కాజి గొంతులో సంగతులూ గమకాలూ ఏమీ ఉండవు, ఆరడుగుల దూరం నుంచి చల్లగా చెప్తున్నట్టు పాడుతుంది. ఇంకో గాయని అయితే ఆ మాటలకి ఏడ్చేసేది. ఇక్కడా అదే పద్ధతి, ఇవ్వాల్సిన దానికంటే తక్కువ ఇవ్వడం.

ఇప్పుడు 1973 ఏడాది మొత్తం వరసగా చూడండి. ఏప్రిల్‌లో కింజి ఫుకాసాకు తీసిన హిరోషిమా డెత్‌మ్యాచ్, అంటే బ్యాటిల్స్ వితౌట్ ఆనర్ అండ్ హ్యుమానిటీ సిరీస్‌లో రెండోది. దాంట్లో ఆవిడ యుద్ధంలో ఆత్మాహుతి దళంలో చనిపోయిన పైలట్ భార్య, యాకుజా పెద్ద మేనకోడలు, మామయ్య ముఠాలోని ఒక కుర్ర హంతకుడితో ప్రేమ. ఫైట్లు లేవు, పగ లేదు, మామూలు మనిషిగా కూడా చెయ్యగలనని చూపించింది. జూలైలో బీస్ట్ స్టేబుల్. డిసెంబర్ మొదట్లో లేడీ స్నోబ్లడ్. డిసెంబర్ చివర్లో నాలుగో తేలు. ఐదు కంపెనీల ఒప్పందం అప్పటికి చితికిపోయింది కాబట్టి తొయెయిలో ఉంటూనే తోహో వాళ్ల థియేటర్లకి లేడీ స్నోబ్లడ్ చెయ్యగలిగింది. స్టూడియోల కోట కూలితే నష్టపోయినవాళ్లే ఎక్కువ, ఈవిడ మాత్రం ఆ పగుళ్లలోంచే దారి చేసుకుంది.

లేడీ స్నోబ్లడ్ గురించి మీకు ఎంతో కొంత తెలిసే ఉంటుంది, కిల్ బిల్‌లో మంచులో ఫైట్, అధ్యాయాలుగా విడగొట్టిన కథ, ఇదంతా ఇక్కడిదే. మాంగా కథ కజువో కోయికె రాశాడు, కజువో కమిమురా బొమ్మలు వేశాడు, డైరెక్టర్ మన స్ట్రే క్యాట్ తోషియా ఫుజితా. 1873, మెయిజి చక్రవర్తి కాలపు ప్రభుత్వం కొత్తగా నిర్బంధ సైనిక చట్టం తెచ్చిన రోజులు. తెల్ల బట్టలేసుకున్న ప్రభుత్వ మనుషులు పిల్లల్ని పట్టుకుపోతారని పల్లెల్లో భయం, ఆ భయాన్ని వాడుకుని నలుగురు మోసగాళ్లు జనం దగ్గర డబ్బు గుంజుతుంటారు. తెల్ల సూటు వేసుకుని ఆ ఊరొచ్చిన బడిపంతులు ఒకాయన్ని ప్రభుత్వం మనిషి అని చంపేస్తారు, భార్యని పాడు చేస్తారు. ఆవిడ ఒకణ్ణి చంపి జైలుకెళ్లి, మిగతావాళ్ల మీద పగ తీర్చడానికి ఒక బిడ్డ కావాలని పట్టుబట్టి గార్డులతో కలిసి, మంచు కురిసే రాత్రి ఆడపిల్లని కని చనిపోతుంది. ఆ పిల్ల యుకి. గొడుగు కాడలో కత్తి.

ఇదంతా వింటే సగటు పగ కథే కదా అనిపిస్తుంది. తేడా ఏంటంటే ఈ పగ ఆ పిల్లది కాదు. తండ్రిని చూడలేదు, తల్లిని చూడలేదు, ఆ నలుగురు ఆవిడకి ఏమీ చెయ్యలేదు, పుట్టకముందే రాసిపెట్టిన పని చెయ్యడానికే పెరిగింది. తేలు పాత్రలో కాజి కళ్లలో కోపం కనిపిస్తుంది, ఇక్కడ కళ్లలో అదీ ఉండదు, పని పూర్తి చేస్తున్న మనిషి ముఖం. ఒకే నటి, ఒకే ఏడాది, రెండూ నిశ్శబ్దాలే, రెండూ వేరు. ఈ తేడా పట్టుకున్నారంటే ఆవిడ ఎంత పెద్ద నటో మీకే తెలుస్తుంది, ఇంకొకరు చెప్పక్కర్లేదు. రెండో విషయం, చివర్లో నృత్యశాల సీన్‌లో జపాన్ జెండా, అమెరికా జెండా పక్కపక్కనే వేలాడుతూ ఉంటాయి, రక్తం ఎక్కడ పడుతుందో గమనించండి. కిల్ బిల్‌లో మంచు వచ్చింది, కత్తి వచ్చింది, పాట కూడా వచ్చింది, షురా నో హానా అనే రెండో పాట ఈ సినిమాదే, కానీ ఈ చరిత్ర గొడవ రాలేదు. టరాంటినోకి అది అవసరం లేదు కూడా, ఆయన సినిమా వేరు.

1974లో రెండో భాగం వచ్చింది, రష్యాతో జపాన్ చేసిన యుద్ధం తర్వాత కాలం, యుకిని ఒక అరాచకవాది రచయిత మీద నిఘాకి పంపిస్తారు, ఆ పాత్ర వేసింది జూజో ఇతామి, తర్వాత రోజుల్లో టంపోపో తీసిన డైరెక్టర్. రాజకీయం ఎక్కువ, యుకి తక్కువ, నాకు సగమే నచ్చింది.

ఆ తర్వాత ఆవిడ మళ్లీ ఫుకాసాకుతో 1976లో యాకుజా గ్రేవ్‌యార్డ్ చేసింది. తెత్సుయా వతారి హీరో, రౌడీలాంటి పోలీసు. కాజిది జైల్లో ఉన్న ముఠా నాయకుడి భార్య పాత్ర, తండ్రి కొరియన్. జపాన్‌లో ఉండే కొరియన్ల మీద చిన్నచూపు గురించి అప్పటి కమర్షియల్ సినిమాల్లో ఇంత నేరుగా మాట్లాడినవి తక్కువ. చాలామంది దీన్ని దాటేసి వెళ్లిపోతారు, వెళ్లకండి.

ఇక 1978. సొనెజాకి షింజూ. 1703లో చికమత్సు రాసిన బొమ్మలాట నాటకం, ఒక వేశ్య, ఒక సోయా సాస్ కొట్టు గుమాస్తా, కలిసి బతకలేక కలిసి చచ్చిపోతారు, జపాన్‌లో చిన్నపిల్లలకి కూడా కథ తెలుసు. డైరెక్టర్ యసుజో మసుమురా, దివాలా తీసిన డయెయి స్టూడియోలో ఒకప్పుడు మహామహా సినిమాలు తీసిన మనిషి. నిర్మాణం ఏటీజీ, అంటే ఆర్ట్ థియేటర్ గిల్డ్, చాలా తక్కువ బడ్జెట్లు వాళ్లవి. హీరోగా రాక్ సింగర్ ర్యూదో ఉజాకిని పెట్టారు. ఈ సినిమాలో కాజి మాట్లాడుతుంది, అబ్బో, ఆపకుండా మాట్లాడుతుంది. ప్రతి వాక్యం గట్టిగా, సూటిగా, కళ్లార్పకుండా. మసుమురా పాత్రలు మొహమాటపడవు, అనుకున్నది మొహం మీదే చెప్పేస్తాయి, అన్నేళ్లు నోరు మూసుకుని నటించిన మనిషి చేత ఆయన ఆ పని చేయించాడు. ఆ ఏడాది కినెమా జుంపో అనే సినిమా పత్రిక వాళ్లదీ, బ్లూ రిబ్బన్ వాళ్లదీ ఉత్తమ నటి అవార్డులు ఆవిడకే వచ్చాయి. జైలు సినిమాల నటి అని తీసిపారేసినవాళ్లకి అదో జవాబు అంటారు గానీ నేను అలా అనుకోను. తేలు సినిమాల్లో ఆవిడ నటనని పట్టించుకోకపోవడం అవార్డుల వాళ్ల లోపం, ఆ రెండు నటనల్లో ఏది కష్టం అంటే నేను మొదటిదే అంటా.

ఆ తర్వాత సినిమాలు తగ్గాయి, టీవీ ఎక్కువైంది. సినిమా ఇండస్ట్రీయే తగ్గిపోయింది కాబట్టి ఆవిడొక్కదాని కథ కాదది. 2018లో, డెబ్బై దాటిన వయసులో, కొత్త పాటల ఆల్బమ్ కూడా చేసింది, గొంతు బొంగురుపోయింది గానీ ఆ పాడే తీరు అదే.

ఏ వరసలో చూడాలి అన్నారు. విడుదలైన వరసలో చూడొద్దు, మొదట్లోనే విసుగొస్తుంది. లేడీ స్నోబ్లడ్‌తో మొదలుపెట్టండి, అది ఎవరికైనా ఎక్కుతుంది. తర్వాత తేలు మొదటి మూడూ వరసగా, నాలుగోది ఇష్టమైతేనే. అప్పుడు సొనెజాకి షింజూ, ఎందుకంటే అంత నిశ్శబ్దం చూశాక ఆ మాటల జోరు కొడితేనే దాని రుచి. ఆ తర్వాత హిరోషిమా డెత్‌మ్యాచ్, కానీ దానికి ముందు ఆ సిరీస్‌లో మొదటిది చూడకపోతే ఎవరు ఎవరో అర్థం కాక తల తిరుగుతుంది, యాకుజా ముఠాలు, వాటిల్లో చీలికలు, పేర్లు తెర మీద పడి మాయమైపోతుంటాయి. స్ట్రే క్యాట్‌లలో సెక్స్ హంటర్ ఒక్కటి చూసి నచ్చితే మిగతావి. బ్లైండ్ వుమన్స్ కర్స్ ఫ్రెండ్స్‌తో కూర్చుని రాత్రిపూట చూడ్డానికి. లేడీ స్నోబ్లడ్ రెండూ క్రైటీరియన్ అనే డిస్క్ కంపెనీ వాళ్లవి, తేలు నాలుగూ ఆరో వీడియో (Arrow Video) అనే కంపెనీ వాళ్లవి ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్‌తో బ్లూరేలు ఉన్నాయి. ప్రింట్ మంచిది దొరికితేనే చూడండి, ఇతో సినిమాల్లో రంగులే సగం కథ, మసకబారిన కాపీలో చూస్తే మీ ఫ్రెండ్ చెప్పిందే కరెక్ట్ అనిపించే ప్రమాదం ఉంది.

మీ ఫ్రెండ్ మాటకి ఒక్క విషయంలో నేను అడ్డం చెప్పను. తేలు సినిమాల్లో ఆడవాళ్ల మీద హింస చాలా ఉంది, కొన్ని సీన్లు ఆ కాలం మగ ప్రేక్షకుల్ని థియేటర్‌కి రప్పించడానికే పెట్టారు, దాన్ని కళ అని కప్పిపుచ్చడం నాకు ఇష్టం లేదు. అఘాయిత్యం సీన్లు చూడలేని వాళ్లయితే మొదటి తేలు, జైల్‌హౌస్ 41 రెండూ ఇబ్బంది పెడతాయి, లేడీ స్నోబ్లడ్‌లో కూడా మొదటి అరగంటలో ఒకటి ఉంది. ఇంట్లో పిల్లలుంటే హాల్లో టీవీలో పెట్టకండి. సొనెజాకి షింజూ మాత్రం అమ్మానాన్నలతో కూర్చుని చూడొచ్చు, చివర్లో ఇద్దరూ చచ్చిపోతారని ముందే చెప్పండి అంతే.